డాక్టర్ హూ సోనిక్ స్క్రూడ్రైవర్: తరచుగా అడిగే ప్రశ్నలు

అసలు ఈ సోనిక్ స్క్రూడ్రైవర్ అంటే ఏంటి?

డాక్టర్ హూ అనేది బీబీసీ 1963 నవంబర్ 23న మొదలుపెట్టిన సీరియల్. డాక్టర్ అనే టైమ్ లార్డ్ (కాలంలో ప్రయాణించగల గ్రహాంతర జాతివాడు), టార్డిస్ అనే నీలం పెట్టెలో కాలంలోనూ అంతరిక్షంలోనూ తిరుగుతూ ఉంటాడు. ఒళ్లు బాగా దెబ్బతిని చావు దగ్గరపడ్డప్పుడు కొత్త రూపంలోకి మారిపోతాడు, అందుకే ఇన్నేళ్లలో అంతమంది నటులు ఆ పాత్ర వేయగలిగారు. (మొట్టమొదటి కథకి దర్శకుడు వారిస్ హుస్సేన్, లక్నోలో పుట్టినవాడు. ఈ విషయం మనవాళ్లలో చాలామందికి తెలియదు, తెలియాలి.) డాక్టర్ తుపాకీ పట్టుకు తిరిగే రకం కాదు. ఆయన జేబులో ఉండేది పెన్ను కంటే కాస్త లావుగా ఉండే గొట్టం లాంటి పరికరం. అది శబ్ద తరంగాలతో తాళాలు తీస్తుంది, యంత్రాలను ఆపుతుంది, నడిపిస్తుంది, ఎదుట ఉన్నదేంటో పరీక్షించి చెబుతుంది. అదే సోనిక్ స్క్రూడ్రైవర్. అభిమానులు ముద్దుగా సోనిక్ అంటారు, ఇక్కడ నేనూ అలాగే రాస్తాను.

మొదటిసారి ఎప్పుడు కనిపించింది?

1968లో, ఫ్యూరీ ఫ్రమ్ ద డీప్ అనే కథలో. రాసింది విక్టర్ పెంబర్టన్, అప్పటి డాక్టర్ ప్యాట్రిక్ ట్రౌటన్. సముద్రపు ఒడ్డున గ్యాస్ పైపు దగ్గర ఒక పెట్టె ఉంటుంది, దాని మూత స్క్రూలను డాక్టర్ ఈ పరికరంతో విప్పుతాడు. అంతే, అంత చిన్న పని. బాధాకరమైన సంగతేంటంటే ఆ కథ ఆరు భాగాల్లో ఒక్కటి కూడా ఇప్పుడు పూర్తిగా లేదు, బీబీసీ దగ్గర పాత టేపులు చెరిగిపోయాయి. ఆడియో ఉంది, కొన్ని చిన్న ముక్కలు మిగిలాయి, 2020లో యానిమేషన్‌గా మళ్లీ తీశారు. శబ్దంతో పనిచేసే పరికరం పుట్టిన కథ శబ్దంగానే మిగలడం తలుచుకుంటే నాకు ఎప్పుడూ మనసు అదోలా అవుతుంది.

ఇంతకీ స్క్రూలు తిప్పడం చూపించారా, లేక పేరుకేనా?

చూపించారు. మొదట్లో దాని పనే అది. 1969లో వచ్చిన ద వార్ గేమ్స్‌లో ఒక సైనికాధికారిని నమ్మించడానికి డాక్టర్ ఆయన తుపాకీకి ఉన్న స్క్రూని చేత్తో ముట్టుకోకుండా బయటికి తీసి చూపిస్తాడు. కానీ అప్పటికే రచయితలకు రుచి తగిలింది, 1968లోనే ద డామినేటర్స్‌లో దాంతో గోడని కోయించారు. తర్వాత జాన్ పెర్ట్‌వీ కాలంలో, అంటే 1970 నుంచి 1974 దాకా, మందుపాతరలు పేల్చడానికి కూడా వాడారు. టామ్ బేకర్ వచ్చేసరికి అది దాదాపు అన్ని తాళాలకూ తాళంచెవి అయిపోయింది.

కథలో అది ఎలా పనిచేస్తుందని చెప్పారు?

ఒక్క చోట కూర్చోబెట్టి వివరించలేదు, అక్కడో మాట ఇక్కడో మాట. అన్నీ కలిపి చూస్తే ఇలా అర్థమవుతుంది. ప్రతి వస్తువుకీ తనకంటూ కొన్ని సహజ పౌనఃపున్యాలు ఉంటాయి, బయటినుంచి సరిగ్గా ఆ పౌనఃపున్యంతో కదిపితే ఆ వస్తువు గట్టిగా కంపిస్తుంది. ఇంటర్ ఫిజిక్స్‌లో చదువుకున్న అనునాదం ఇదే. తాళంలో ఏ పిన్ను కదలాలో దాన్ని మాత్రమే కదిపితే తాళం తెరుచుకుంటుంది. ఇంతవరకు సైన్సు ఒప్పుకునే మాటే. కంప్యూటర్లలోకి చొరబడటం, ఫోన్‌ని ఏ గ్రహం నుంచైనా పనిచేసేలా మార్చడం లాంటివి వచ్చేసరికి మాత్రం అది శబ్దం దాటిపోయి కథకి కావలసిన శక్తి అయిపోతుంది. డాక్టర్ హూని సైన్స్ ఫాంటసీ అంటారు కదా, ఆ ఫాంటసీ సగం ఇక్కడుంది.

అంత మంచి పరికరాన్ని 1982లో ఎందుకు పగలగొట్టేశారు?

ఎందుకంటే అది కథలను తినేస్తోంది. గదిలో బంధించారా, సోనిక్ తీశాడు, బయటికొచ్చాడు. యంత్రం పేలబోతోందా, సోనిక్ తీశాడు, ఆగిపోయింది. నిర్మాత జాన్ నేథన్ టర్నర్‌కి ఇది నచ్చలేదు. ద విజిటేషన్ అనే కథలో, 1666 ఇంగ్లండ్‌లో, టెరిలెప్టిల్ అనే బల్లి జాతి నాయకుడు డాక్టర్‌ని బంధిస్తాడు. సోనిక్‌ని లాక్కుని డాక్టర్ కళ్లముందే కాల్చేస్తాడు. అప్పటి డాక్టర్ పీటర్ డేవిసన్. పాత స్నేహితుణ్ని చంపేసినట్టు ఉందని అంటాడు. పెద్ద సంగీతం లేదు, ఏడుపు లేదు, ఆ ఒక్క మాటతో పద్నాలుగేళ్ల తోడు పోయింది.

నా అభిప్రాయం అడిగితే ఆ నిర్ణయం సరైనదే. తాళం వేసిన గది అనేది కథకుడికి దొరికిన మంచి అవకాశం. అందులో ఇరుక్కున్నవాళ్లు మాట్లాడుకోవాలి, కాపలావాణ్ని మాటల్లో పెట్టాలి, గోడ ఎక్కడ బలహీనంగా ఉందో వెతకాలి, ఒకరి మీద ఒకరికి ఉన్న కోపం బయటపడాలి. సోనిక్ ఇవన్నీ ఒక్క చప్పుడుతో తీసేస్తుంది. దాన్ని పోగొట్టాక డేవిసన్ డాక్టర్ తెలివితో, కొన్నిసార్లు అదృష్టంతో, కొన్నిసార్లు బాగా నష్టపోయి బయటపడాల్సి వచ్చింది. ఆ కథల్లో ఉన్న టెన్షన్ అక్కడినుంచే వచ్చింది.

మరి మళ్లీ ఎందుకు తెచ్చారు?

1985లో ఆరో డాక్టర్ చేతిలో సోనిక్ లాన్స్ అని ఒకటి కనిపించింది గానీ అది నిలవలేదు. 1989లో సీరియలే ఆగిపోయింది. 1996లో తీసిన టీవీ సినిమాలో సోనిక్ మళ్లీ కనిపించింది, 2005లో సీరియల్ మళ్లీ మొదలైనప్పుడు క్రిస్టఫర్ ఎకిల్‌స్టన్ చేతిలో నీలం వెలుగుతో పూర్తిగా తిరిగొచ్చింది.

దీనికీ కారణం ఉంది, అది కూడా సరైన కారణమే అనుకుంటున్నాను. పాత కథలు ఇరవై అయిదు నిమిషాల భాగాలుగా నాలుగు వారాలు, ఆరు వారాలు సాగేవి, తలుపు దగ్గర పావుగంట గడిపినా ఇబ్బంది లేదు. కొత్త సీరియల్లో చాలా కథలు నలభై అయిదు నిమిషాల్లో ముగిసిపోవాలి. ఆ కాస్త సమయంలో తాళం తీయడానికి పది నిమిషాలు పెడితే మనుషుల గురించి చెప్పడానికి ఏమీ మిగలదు. కాబట్టి తలుపు తీయడానికి సోనిక్, కథని ముగించడానికి డాక్టర్ బుర్ర. ఈ గీత దాటనంత కాలం నాకు సోనిక్ మీద ఏ ఫిర్యాదూ లేదు. గీత దాటిన ఎపిసోడ్లు ఉన్నాయి, చివర్లో సోనిక్ ఊపగానే అంతా సర్దుకుపోయేవి, అవి చూసినప్పుడు రచయిత మనల్ని కాస్త తక్కువ అంచనా వేశాడని అనిపిస్తుంది.

చెక్క మీద పనిచేయదంటారు, ఎందుకు?

ఇది నాకు అన్నిటికంటే ఇష్టమైన ప్రశ్న, కాస్త ఓపిగ్గా చదవండి.

2008లో సైలెన్స్ ఇన్ ద లైబ్రరీ కథలో డాక్టర్ ఒక తలుపు తీయలేక, ఇది చెక్క మీద పనిచేయదని చెబుతాడు. పదో డాక్టర్, డేవిడ్ టెనెంట్. అప్పటినుంచి అది నియమం అయిపోయింది. నక్షత్ర నౌకల తలుపులు తీసే పరికరం మామూలు కర్ర తలుపు ముందు చేతులెత్తేయడం కథకులకు బ్రహ్మాండమైన వరం.

కారణం మాత్రం కథలో ఎవరూ సరిగ్గా చెప్పలేదు. కర్ర మోగదు కాబట్టి అని కొందరంటారు, అది ఒప్పుకోను. బొబ్బిలి వీణ పనస కర్రతోనే చెక్కుతారు కదా, కర్ర మోగకపోతే వీణ ఎక్కడిది. నాకు నచ్చిన వివరణ వేరే ఉంది. ఉక్కు ముక్కలో శబ్దం ఏ దిక్కుకి వెళ్లినా దాదాపు ఒకే వేగంతో వెళ్తుంది. కర్రలో అలా కాదు, పీచు వెంబడి వెళ్లే వేగం, పీచుకి అడ్డంగా వెళ్లే వేగానికి కొన్ని రెట్లు ఉంటుంది. పైగా ఒకే చెట్టు నుంచి కోసిన రెండు పలకలు కూడా ఒకలా ఉండవు. ముడులు, తేమ, పీచు వంపు, అన్నీ మారిపోతాయి. ఒక రకం ఉక్కు తాళానికి లెక్క ఒకసారి కడితే అలాంటివాటన్నిటికీ సరిపోతుంది. కర్ర తలుపుకి ఏ తలుపు లెక్క ఆ తలుపుదే.

ఇది నా ఊహే, కానీ 2013లో యాభయ్యేళ్ల పండగకి తీసిన ద డే ఆఫ్ ద డాక్టర్ చూస్తే ఈ ఊహకి బలం దొరుకుతుంది. ముగ్గురు డాక్టర్లని, అంటే ఒకే డాక్టర్ మూడు రూపాలని, జాన్ హర్ట్, డేవిడ్ టెనెంట్, మ్యాట్ స్మిత్, 1562లో టవర్ ఆఫ్ లండన్ గదిలో పెట్టి కర్ర తలుపు వేస్తారు. ముగ్గురి దగ్గరా సోనిక్ ఉంది, ముగ్గురూ ఏమీ చేయలేరు. అప్పుడు హర్ట్ డాక్టర్ ఒక మాట చెబుతాడు. తలుపు అణువుల లెక్క మొత్తం కడితే దాన్ని శబ్దంతో పొడి చేయొచ్చు, కాకపోతే ఆ లెక్కకి వందల ఏళ్లు పడుతుంది. కానీ ముగ్గురి చేతుల్లో ఉన్నది పైకి వేరే వేరే అయినా లోపలి సాఫ్ట్‌వేర్ ఒకటే. అందరికంటే ముందరి డాక్టర్ ఇప్పుడు లెక్క మొదలుపెడితే, నాలుగు వందల ఏళ్ల తర్వాతి డాక్టర్ సోనిక్‌లో అది ఈపాటికి పూర్తయి ఉండాలి. మ్యాట్ స్మిత్ తన సోనిక్ తీసి చూస్తాడు, పూర్తయ్యే ఉంటుంది. ఇక తలుపు మీద గురిపెట్టబోతుండగా డాక్టర్‌తో తిరిగే క్లారా బయటినుంచి తలుపు తోసుకుని లోపలికి వస్తుంది. దానికి తాళమే వేయలేదు.

సోనిక్ గురించి నాకున్న ప్రేమంతా ఆ సన్నివేశంలో ఉంది. నాలుగు శతాబ్దాల లెక్క ఒక పక్క, తలుపు తోసి చూడాలన్న ఆలోచన ఒక పక్క. అంతకంటే ముఖ్యం, ఆ లెక్క వృథా పోదు. అదే ఉపాయాన్ని, అంటే ముందరి డాక్టర్ మొదలుపెట్టిన లెక్కని తర్వాతివాళ్లు పూర్తి చేయడాన్ని, చివర్లో వాళ్ల సొంత గ్రహం గ్యాలిఫ్రేని కాపాడటానికి వాడతారు. తలుపు దగ్గర నేర్చుకున్నది గ్రహం దగ్గర పనికొచ్చింది. కథలో పరికరాన్ని ఎలా వాడాలో చూపించాలంటే దీన్నే చూపిస్తాను.

చెక్క కాకుండా ఇంకేం పనిచేయవు?

డెడ్‌లాక్ సీల్ అనే గట్టి తాళం వేసిన తలుపులు తీయలేదు. 2005 తర్వాతి కథల్లో ఈ మాట చాలాసార్లు వింటారు. ఎక్కువ శక్తి పంపిస్తే కాలిపోతుంది కూడా, 2007లో స్మిత్ అండ్ జోన్స్ కథలో ఎక్స్‌రే యంత్రం శక్తిని పెంచబోయి డాక్టర్ దాన్ని కాల్చుకుంటాడు, 2010లో ది ఎలెవెన్త్ అవర్‌లో మళ్లీ అలాగే పోతుంది, అప్పుడు టార్డిస్ పచ్చ వెలుగు ఉన్న కొత్తదాన్ని ఇస్తుంది.

ఇది ఆయుధమా కాదా?

కాదు. సీరియల్ ఈ విషయంలో గట్టిగా నిలబడిన ప్రతిసారీ బాగుంటుంది. ఆ విశ్వంలో శబ్దంతో చంపే ఆయుధాలు ఉన్నాయి, 1967లోనే ఐస్ వారియర్స్ అనే మార్స్ జాతివాళ్లు శబ్దపు తుపాకులతో వచ్చారు. 2005లో ద డాక్టర్ డాన్సెస్‌లో కెప్టెన్ జాక్ దగ్గర సోనిక్ బ్లాస్టర్ ఉంటుంది, గోడలో చతురస్రంగా రంధ్రం చేస్తుంది, మళ్లీ పూడ్చేస్తుంది. నీ దగ్గరున్న సోనిక్ ఏంటని జాక్ అడిగితే డాక్టర్ చెప్పడానికి తడబడతాడు, చివరికి స్క్రూడ్రైవర్ అని ఒప్పుకుంటాడు. జాక్‌కి అది నమ్మశక్యం కాదు. కానీ అదే కథలో డాక్టర్ ఆ బ్లాస్టర్‌ని తెలియకుండా మార్చేసి జాక్ చేతిలో అరటిపండు పెడతాడు, ఆ బ్లాస్టర్ తయారైన ఆయుధాల ఫ్యాక్టరీ ఉన్నచోట ఇప్పుడు అరటి తోట ఉందని కూడా చెబుతాడు. చాలాసేపు ఉపన్యాసం ఇచ్చినా ఇంత స్పష్టంగా చెప్పలేం.

ద డే ఆఫ్ ద డాక్టర్‌లో కూడా ఇద్దరు కొత్త డాక్టర్లు సైనికుల మీదికి సోనిక్‌లు గురిపెడితే, హర్ట్ డాక్టర్ మందలిస్తాడు: ఇవి శాస్త్ర పరికరాలు, నీళ్ల తుపాకులు కావు. 2023లో వచ్చిన పదిహేనో డాక్టర్, షూటీ గాట్వా, పట్టుకున్న సోనిక్ ఆకారమే మారింది. పొడుగు గొట్టంలా కాకుండా అరచేతిలో ఇమిడేలా గుండ్రటి వంపులతో ఉంటుంది. గాట్వా పుట్టింది రువాండాలో, అందుకని దాని మీద గ్యాలిఫ్రే లిపిలో ఒక రువాండా సామెత చెక్కారు, నాలుక పదును యోధుడి పదునుని ఓడిస్తుందని దాని భావం.

నిజంగా శబ్దంతో చేసిన మంచి పని ఏదైనా ఉందా కథల్లో?

ఉంది, 2015లో ద మెజీషియన్స్ అప్రెంటిస్ మొదట్లో. యుద్ధభూమిలో ఒక పిల్లవాడు ఇరుక్కుపోయి ఉంటాడు, చుట్టూ నేలలోంచి చేతులు పైకి లేస్తుంటాయి, కదిలితే కిందికి లాగేస్తాయి. డాక్టర్ దూరంగా నిలబడి సోనిక్‌ని ఆ పిల్లవాడి దగ్గరికి విసురుతాడు. అది ఇద్దరి మధ్యా శబ్దానికి ఒక దారి వేస్తుంది, ఇక అరవక్కర్లేదు, పక్కపక్కన కూర్చున్నట్టు మాట్లాడుకోవచ్చు. ధైర్యం చెప్పి, నీ పేరేంటి బాబూ అని అడుగుతాడు. ఆ పిల్లవాడు డావ్రోస్ అని చెబుతాడు. పెద్దయ్యాక డాక్టర్‌కి బద్ధశత్రువులైన డాలెక్‌లని సృష్టించేది అతనే. డాక్టర్ ముఖంలో రక్తం ఇంకిపోతుంది. తాళం తీయలేదు, యంత్రం ఆపలేదు, ఒక గొంతుని ఇంకో గొంతు దగ్గరికి చేర్చింది. నా లెక్కలో సోనిక్ చేసిన గొప్ప పని ఇదే.

నిజ జీవితంలో ఇలాంటిది సాధ్యమా?

కొంత సాధ్యమే, కొంత ఇప్పటికే ఉంది, కొంత ఎప్పటికీ కాదు.

కాదన్నది ముందు చెప్పేస్తాను. గాలిలో నిలబడి దూరంనుంచి ఇనుప తాళం మీదికి శబ్దం పంపిస్తే దాదాపు అంతా వెనక్కి తన్నేస్తుంది. గాలి పలచన, లోహం చాలా గట్టి, ఆ రెండింటి సరిహద్దు శబ్దానికి అద్దం లాంటిది. స్కానింగ్‌కి వెళ్లినప్పుడు పొట్ట మీద చల్లటి జెల్ రాస్తారు గుర్తుందా, అది ఇందుకే. చర్మానికీ యంత్రానికీ మధ్య కాస్త గాలి మిగిలినా శబ్దం లోపలికి పోదు. డాక్టర్ ప్రతి తాళానికీ జెల్ రాయడు కదా.

ఇక ఉన్నవాటికొస్తే, కిడ్నీలో రాళ్లని కోత లేకుండా శబ్ద తరంగాలతో పొడిచేసే లిథోట్రిప్సీ 1980లో జర్మనీలోని మ్యూనిక్‌లో మొదలైంది, ఇప్పుడు మన ఊళ్లలో చాలా ఆసుపత్రుల్లో చేస్తారు. అక్కడా శబ్దం నీటి ద్వారానో జెల్ ద్వారానో ఒంట్లోకి వెళ్తుంది, రాయి దగ్గర కేంద్రీకరిస్తారు. 2012లో స్కాట్లండ్‌లోని డండీ యూనివర్సిటీ వాళ్లు మెలితిరిగిన అల్ట్రాసౌండ్ పుంజంతో నీటిలో ఉన్న రబ్బరు బిళ్లని పైకి లేపారు, గిర్రున తిప్పారు కూడా. శబ్దంతో తిప్పడం, అంటే అచ్చంగా స్క్రూడ్రైవర్ పని, అందుకే వార్తల్లో దీన్ని సోనిక్ స్క్రూడ్రైవర్ అనే పిలిచారు. 2015లో బ్రిస్టల్ యూనివర్సిటీ పరిశోధకులు, వాళ్లతో పాటు శ్రీరామ్ సుబ్రమణియన్ కూడా, 64 చిన్న స్పీకర్లతో తేలికైన పూసలని గాలిలో పట్టి ఉంచి అటూ ఇటూ కదిపారు. పూసలు అతి తేలిక కాబట్టి అది కుదిరింది.

డావ్రోస్ సన్నివేశంలోని శబ్దపు దారికి దగ్గరి బంధువు కూడా ఉంది. మనకి వినబడని అల్ట్రాసౌండ్‌ని సన్నటి పుంజంగా పంపిస్తే, గాలిలోనే అది వినబడే మాటగా మారుతుంది, ఆ పుంజంలో నిలబడ్డవాళ్లకి స్పష్టంగా వినబడుతుంది, రెండడుగులు పక్కకి జరిగితే దాదాపు వినబడదు. కొన్ని మ్యూజియంలలో ఒక్కో బొమ్మ ముందు ఒక్కో వివరణ వినిపించడానికి ఈ స్పీకర్లే పెడతారు.

అంతరిక్షంలో శబ్దం వెళ్లదు కదా, మరి అక్కడ?

వెళ్లదు. శబ్దానికి గాలో నీరో లోహమో ఏదో ఒకటి కావాలి. శూన్యంలో సోనిక్ వాడితే దాన్ని ఫాంటసీ ఖాతాలో వేసుకోవాల్సిందే. ఓడ లోపల గాలి ఉంటుంది కాబట్టి ఎక్కువ సన్నివేశాలకి ఇబ్బంది లేదు.

ఇది మన జానపద సినిమాల మంత్రదండం లాంటిదే కదా?

పైకి అలాగే ఉంటుంది. తేడా ఏంటంటే మంత్రదండం శక్తి ఎక్కడినుంచో వరంగా వస్తుంది, సోనిక్‌ని తయారు చేసుకోవచ్చు. 2018లో జోడీ విటకర్ డాక్టర్‌గా వచ్చినప్పుడు షెఫీల్డ్ వర్క్‌షాపులో చెంచాలు కరిగించి, నిప్పురవ్వలు ఎగురుతుంటే, కళ్లద్దాలు పెట్టుకుని తన సోనిక్‌ని తనే చేసుకుంటుంది. షెఫీల్డ్ ఉక్కుకి పేరున్న ఊరు. పరికరం పనితనంలోంచి పుడుతుందని ఆ సన్నివేశం చూపిస్తుంది. శబ్దభేది విద్యతో పోల్చేవాళ్లూ ఉన్నారు, దశరథుడు చప్పుడు విని బాణం వేసినట్టు. అక్కడ శబ్దం గురిని చూపించేదే, పని చేసేది బాణం. సోనిక్‌లో పని చేసేది శబ్దమే.

డాక్టర్ ఒక్కడి దగ్గరే ఉంటుందా?

లేదు. డాక్టర్‌తో తిరిగిన మరో టైమ్ లార్డ్ రొమానా తనకంటూ ఒకటి చేసుకుంది. డాక్టర్‌కి బాగా దగ్గరైన రివర్ సాంగ్ అనే ఆమె దగ్గర ఉన్నది డాక్టర్ ఇచ్చిందే. ఒకప్పుడు డాక్టర్‌తో తిరిగిన సారా జేన్ దగ్గర సోనిక్ లిప్‌స్టిక్ ఉండేది. 2015లో పీటర్ కపాల్డీ డాక్టర్ కొన్నాళ్లు సోనిక్ కళ్లద్దాలు పెట్టుకున్నాడు, దాని మీద అభిమానులు రెండు వర్గాలయ్యారు, నాకైతే చేతిలో పట్టుకునేదే బాగుంటుంది.

టార్డిస్ చప్పుడు కూడా సోనిక్ నుంచే వస్తుందా?

సంబంధం లేదు. కానీ అడిగారు కాబట్టి చెబుతాను. 1963లో బీబీసీ రేడియోఫోనిక్ వర్క్‌షాప్‌లో బ్రయన్ హాడ్జ్‌సన్ ఒక తలుపు తాళంచెవిని పాత పియానో మందపు తీగల మీద గీసి, ఆ రికార్డింగుని మార్చి టార్డిస్ చప్పుడు తయారు చేశాడు. ఇప్పటికీ వినబడేది దాని రూపమే.

బొమ్మ సోనిక్ కొనొచ్చా?

వెలుగుతూ చప్పుడు చేసే బొమ్మలు చాలా ఉన్నాయి. 2012లో వాండ్ కంపెనీ అనే సంస్థ పదకొండో డాక్టర్ సోనిక్‌ని టీవీ రిమోట్‌గా పనిచేసేలా చేసింది, చేత్తో తిప్పితే వాల్యూమ్ మారుతుంది. లోపల ఉన్నది పరారుణ కాంతి, శబ్దం కాదు.

ఇదంతా చూడాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?

సోనిక్ కోసమే అయితే 2005 నాటి ద ఎంప్టీ చైల్డ్, ద డాక్టర్ డాన్సెస్ జంటగా చూడండి, తర్వాత సైలెన్స్ ఇన్ ద లైబ్రరీ, ఫారెస్ట్ ఆఫ్ ద డెడ్. ఈ రెండో జంటలో సోనిక్ లోపల డాక్టర్ ఏం దాచాడన్నది నేను పైన కావాలనే చెప్పలేదు. ఆ నాలుగూ అయ్యాక ద డే ఆఫ్ ద డాక్టర్. ఐదూ నచ్చితే వెనక్కి వెళ్లి ద విజిటేషన్ చూడండి, అప్పుడు ఆ పాత స్నేహితుడి మాట మీకూ తగులుతుంది.